సింగీతం శ్రీనివాసరావు తొలి సినీ జీవితం

సింగీతం శ్రీనివాసరావు (జననం: సెప్టెంబరు 21, 1931) తెలుగు, తమిళ, కన్నడ భాషలలో చిత్రాలు రూపొందించిన దర్శకుడు, రచయిత. ఆయన నెల్లూరు జిల్లాకు చెందినవారు. సంభాషణలు లేని పుష్పక విమానం (1987), కాలయంత్రం ఇతివృత్తంగా వచ్చిన ఆదిత్య 369 (1991) ఆయన ప్రసిద్ధ చిత్రాలు. వీటి వెనుక సుదీర్ఘమైన శిక్షణ ఉంది. దర్శకుడు కావడానికి ముందు ఆయన సుమారు పదిహేనేళ్ళు ఇతరుల చిత్రాలకు పనిచేశారు.

ఉపాధ్యాయుడు, నాటకకర్త

మద్రాసు ప్రెసిడెన్సీ కళాశాలలో చదువు ముగిశాక సినిమారంగంలో ప్రవేశించడానికి చేసిన తొలి ప్రయత్నం ఫలించలేదు. గూడూరు నుండి మద్రాసు వెళ్ళే రైలుమార్గంలోని సూళ్ళూరుపేటలో ఆయన ఉపాధ్యాయుడిగా పనిచేశారు. అక్కడ తాను రచించిన బ్రహ్మ, అంత్యఘట్టం నాటకాలను ప్రదర్శింపజేశారు.

కె.వి.రెడ్డి వద్ద శిష్యరికం

తరువాత దర్శకుడు కె.వి.రెడ్డి వద్ద సహాయకుడిగా చేరి మాయాబజార్ (1957), జగదేకవీరుని కథ (1961) మొదలైన చిత్రాలకు పనిచేశారు. కె.వి.రెడ్డి చిత్రీకరణకు ముందే స్క్రిప్టును పూర్తిగా సిద్ధం చేసుకొనేవారు. సన్నివేశాల నిడివిని గడియారంతో కొలిచేవారు. ముందస్తు ప్రణాళిక, ట్రిక్ ఫోటోగ్రఫీల విలువ సింగీతానికి ఇక్కడే తెలిసివచ్చింది.

సంస్కార

నెల్లూరుకు చెందిన కవి తిక్కవరపు పట్టాభిరామిరెడ్డి, యు.ఆర్.అనంతమూర్తి నవల ఆధారంగా కన్నడంలో సంస్కార (1970) చిత్రాన్ని నిర్మించి, దర్శకత్వం వహించారు. సింగీతం దర్శకత్వ శాఖలో సహకరించారు. కులవ్యవస్థను విమర్శించిన ఈ చిత్రాన్ని సెన్సారువారు మొదట నిషేధించారు. నిషేధం తొలగిన తరువాత దీనికి జాతీయ ఉత్తమ చిత్రం పురస్కారం లభించింది. స్టూడియో సెట్లకు భిన్నమైన వాస్తవిక చిత్రణతో సింగీతానికి ఈ విధంగా పరిచయం ఏర్పడింది.

దర్శకుడిగా

ఆయన దర్శకత్వం వహించిన తొలి చిత్రం నీతి-నిజాయితీ (1972) ఆర్థికంగా విజయం సాధించలేదు. రెండేళ్ళకు, మద్యపానం వలన ఛిద్రమైన పేద కుటుంబం గురించి రాజాజీ వ్రాసిన కథను తమిళంలో దిక్కట్ర పార్వతి (1974)గా తీశారు. దీనికి ఉత్తమ తమిళ చిత్రంగా జాతీయ పురస్కారం లభించింది. అనంతరం తెలుగులో జమీందారుగారి అమ్మాయి (1975), అమెరికా అమ్మాయి (1976), పంతులమ్మ (1977) వెలువడ్డాయి.

ప్రభావం

కె.వి.రెడ్డి వద్ద నేర్చిన ప్రణాళిక, సంస్కారలో చూసిన వాస్తవికత ఆయన తరువాతి చిత్రాలలో కలిసి కనిపిస్తాయి. పుష్పక విమానంలో మాట లేకున్నా ఒక నిరుద్యోగి జీవితం ప్రేక్షకులకు స్పష్టంగా అర్థమవుతుంది. ఆ చిత్రం ఆరోగ్యకర వినోదం అందించిన జనరంజక చిత్రంగా జాతీయ పురస్కారం పొందింది.