ఉత్తరాది పులుల పెద్దన్న

మెక్సికో ఉత్తర రాష్ట్రాలలోనూ, వాటిని ఆనుకొని ఉన్న అమెరికా నైరుతి రాష్ట్రాలలోనూ శ్రామిక జనం తమదిగా భావించుకొనే అకార్డియన్ సంగీతానికి ‘నొర్తేన్యో’, అంటే ఉత్తరాది సంగీతం, అని పేరు. ఆ సంగీతాన్ని పెళ్లి విందులకూ మద్యశాలలకూ పరిమితం కానీయకుండా, అర్ధ శతాబ్దికి పైగా రెండు దేశాల ప్రజాజీవితానికి కొనసాగుతున్న చరిత్రగా మలచిన బృందం ‘లోస్ తీగ్రెస్ దెల్ నోర్తే’, అంటే ఉత్తరాది పులులు. ఆ బృందానికి ప్రధాన గాయకుడూ, అకార్డియన్ వాద్యకారుడూ, నాయకుడూ హోర్హే ఎర్నాండెస్. ఆయనకు పేరు తెచ్చిన పాటలను రాసినవారు ఇతరులు. మెక్సికో సాంప్రదాయిక ‘మరియాచి’ బృందాల గాయకులలో వినిపించే గంభీరమైన గాత్ర విస్తారం కూడా ఆయనలో లేదు. ఏ కథ పాడదగినదో పసిగట్టే విచక్షణ, ఆ కథకు తన గొంతు అడ్డుపడకుండా చెప్పే నిగ్రహం, ఈ రెండే ఆయన కళకు మూలధనం. అంత పెద్ద చరిత్రను మోయడానికి అవి ఎలా సరిపోయాయో పరిశీలించవలసిన విషయం.

నొర్తేన్యో సంగీతం పుట్టుక వలసలతో ముడిపడి ఉంది. 19వ శతాబ్దంలో టెక్సాస్‌లోనూ, మెక్సికో ఈశాన్య ప్రాంతంలోనూ స్థిరపడిన జర్మన్, చెక్, పోలిష్ వలసదారులు బటన్ల అకార్డియన్‌నూ, పోల్కా, వాల్ట్జ్ వంటి నృత్య గతులనూ వెంట తీసుకొని రాగా, స్థానికులు వాటికి పన్నెండు తీగల ‘బాహో సెస్తో’ అనే మంద్రస్థాయి గిటారు వాద్యాన్ని జతచేశారు. 1930లలో టెక్సాస్ సరిహద్దు ప్రాంతానికి చెందిన నార్సీసో మార్తీనెస్ రికార్డులతో ఈ జంట వాద్యాల పద్ధతి స్థిరపడింది. బృందాన్ని నడిపే ఎర్నాండెస్ సోదరుల, అంటే హోర్హే, ఆయన తమ్ముళ్ల, సొంత రాష్ట్రమైన సినలోవా మాత్రం పసిఫిక్ తీరాన ఉంది. అక్కడి ప్రధాన సంప్రదాయం ఇత్తడి వాద్యాల ‘బాందా’. కొద్దిమందితో, చేత పట్టుకొని పోగల వాద్యాలతో నడిచే నొర్తేన్యో పద్ధతి మాత్రం పొట్ట చేతబట్టుకొని ఊళ్లు తిరిగే పేద పిల్లలకు సహజంగానే అనువైనది.

ఈ బృందాన్ని అర్థం చేసుకోవడానికి ‘కొరీదో’ అనే గేయకథా రూపాన్ని తెలుసుకోవడం అవసరం. సాధారణంగా నాలుగేసి పాదాల చరణాలతో, ఎనిమిదేసి అక్షరాల నడకతో సాగే ఈ పాట, బుర్రకథలో కథకుడు వీరుడి ఊరూ పేరూ చెప్పి కథలోకి దిగినట్లే, తరచుగా సంఘటన జరిగిన చోటునూ కాలాన్నీ పేర్కొంటూ మొదలై, చివర వీడ్కోలు చరణంతో ముగుస్తుంది. పత్రికలు చేరని పల్లెలకు వార్తలు మోసిన రూపమిది. 1901లో టెక్సాస్ షెరీఫును కాల్చి, వేటాడుతున్న పోలీసు దళాలను రోజుల తరబడి తప్పించుకు తిరిగిన గ్రెగోరియో కోర్తెస్‌ను గురించిన కొరీదో సరిహద్దుకు రెండు వైపులా నిలిచిపోగా, దానిపై పరిశోధకుడు అమెరీకో పరేదెస్ 1958లో వెలువరించిన గ్రంథం ఈ రంగంలో ప్రామాణికంగా నిలిచింది. 1910 నాటి మెక్సికన్ విప్లవం పంచో వీయా వంటి నాయకులపై లెక్కకు మించిన కొరీదోలను పుట్టించింది. 20వ శతాబ్దం నడిమికి ఈ ప్రక్రియ గతకాలపు స్మృతిగా మిగిలిపోతుందని తోచిన దశలో దానికి మళ్లీ వర్తమానాన్ని అప్పగించినవారు ఎర్నాండెస్ సోదరులు.

సినలోవాలోని మొకొరితో మునిసిపాలిటీకి చెందిన రోసా మొరాదా అనే కుగ్రామం హోర్హే స్వస్థలం. తండ్రి గాయపడి కుటుంబ ఆదాయం ఆగిపోవడంతో, పెద్ద కొడుకైన హోర్హే తమ్ముళ్లతో కలిసి లోస్ మోచిస్ పట్టణంలోని భోజనశాలలలో బల్ల బల్లకూ తిరిగి పాడుతూ చిల్లర సంపాదించడం మొదలుపెట్టి, తరువాత సరిహద్దు నగరం మెహికాలికి చేరారు. 1968లో కాలిఫోర్నియాలో మెక్సికో స్వాతంత్ర్య దినోత్సవ కార్యక్రమాలలో పాడే అవకాశం వచ్చినప్పుడు, అందరూ మైనర్లే కావడంతో, పెద్దల తోడు చూపించి సరిహద్దు దాటవలసివచ్చింది. ఆ సందర్భంలోనే ఒక ఇమిగ్రేషన్ అధికారి వీరిని చిన్న పులులని పిలిచాడనీ, ఉత్తరానికి పోతున్న పులులు గనుక బృందానికి ఆ పేరే స్థిరపడిందనీ వారు చెప్పుకొంటారు. ఆ పర్యటనలో వారు పాడిన చోట్లలో సొలిదాద్ పట్టణపు జైలు ఒకటి. ఆ తరువాత వారు శాన్ హోసే నగరంలోనే ఉండిపోయారు.

సిలికాన్ వ్యాలీ కేంద్రంగా నేటి తెలుగు కుటుంబాలకు చిరపరిచితమైన శాన్ హోసే, ఆనాటికి ఇంకా పండ్ల తోటలకూ, పండ్లను డబ్బాలలో నింపే కర్మాగారాలకూ పేరుపడ్డ లోయలోని ఊరు. రైతుకూలీల నాయకుడు సీజర్ చావెజ్ 1950లలో నివసించినదీ, సామాజిక కార్యకర్తగా తొలి అడుగులు వేసినదీ ఆ ఊరి తూర్పు వాడలోనే. తోటలలో కాయలు కోసే కూలీలు, కర్మాగారాలలో రెక్కలు ముక్కలు చేసుకొనే స్త్రీలు, కాగితాలు లేని యువకులు ఈ బృందానికి తొలి శ్రోతలయ్యారు. ఇంగ్లండు నుంచి వచ్చి అక్కడ ‘ఫామా’ అనే స్పానిష్ పాటల రికార్డింగ్ సంస్థను నడుపుతుండిన ఆర్ట్ వాకర్ ఈ పిల్లలను చేరదీసి, పని చూపించి, పాటలు వెతికిపెట్టి, రికార్డులు చేయించాడు. సాంప్రదాయిక జంట వాద్యాలకు ఎలక్ట్రిక్ బేస్ గిటారూ, పూర్తిస్థాయి డ్రమ్ములూ చేర్చి, కొన్ని పాటలలో తుపాకుల మోతనూ సైరన్ కూతనూ కూడా కలిపిన ఈ బృందం శబ్దం అప్పటి ప్రమాణాల ప్రకారం సరికొత్తది.

1970ల మొదట్లో వారు రికార్డు చేసిన ‘కొంత్రబాందో ఇ త్రైసియోన్’ (దొంగసరుకు, ద్రోహం అని అర్థం) కొరీదో ప్రక్రియ గమనాన్నే మార్చింది. ఆంహెల్ గొన్సాలెస్ రాసిన ఈ పాటలో ఎమీలియో వరేలా, కమేలియా అనే ఇద్దరు కారు టైర్లలో గంజాయి కుక్కుకొని తిహువానా నుంచి లాస్ ఏంజిలిస్ చేరుకొంటారు. సరుకు అప్పజెప్పి డబ్బు పంచుకొన్నాక, తన మనసులో ఉన్నది మరొక స్త్రీ అని అతడు చెప్పి సెలవు తీసుకోబోగా ఆమె అతడిని కాల్చి చంపి, డబ్బుతో మాయమవుతుంది. వీరుల కథలు మగవారివే అయిన ప్రక్రియలో చివరిదాకా బతికి బయటపడేది ఆడమనిషి కావడం ఒక విశేషమైతే, హోర్హే దానిని పాడిన తీరు మరొక విశేషం. కాస్త ముక్కుతో పలికే, పెద్దగా కంపనం లేని, తిన్నని స్వరం. రెండో గొంతు దానికి సమాంతరంగా పైస్థాయిలోనో కిందిస్థాయిలోనో నడుస్తుంది. ప్రతి రెండు పాదాలకు మధ్య అకార్డియన్ ఒక చిన్న జవాబు చెప్పి తప్పుకొంటుంది. తుపాకీ పేలే ఘట్టంలోనూ ఆ స్వరం హెచ్చదు, జాలి పడదు, తీర్పు చెప్పదు. సాక్షి వాంగ్మూలంలా సాగే ఈ కథనం వల్లనే కల్పిత పాత్ర అయిన కమేలియా నిజంగా జీవించిందని నమ్మినవారు అసంఖ్యాకులు. సినిమాలు ఆమె కథను అందుకొన్నాయి. స్పానిష్ రచయిత ఆర్తూరో పేరెస్ రెవెర్తే ఈ పాట ప్రేరణతో 2002లో ‘లా రేనా దెల్ సూర్’ నవల రాశాడు. అదే ఏడాది ఆ నవలపై తెయొదోరో బెయో రాసిన కొరీదోను హోర్హే బృందమే పాడడంతో కథ తిరిగి పాటలోకి చేరింది.

మత్తుపదార్థాల రవాణా కథలకే పరిమితమై ఉంటే ఈ బృందం పేరు మరోలా ఉండేది. 1980లలో హోర్హే ఎంచుకొన్న పాటలు, అందులోనూ తానూ వలసజీవి అయిన ఎన్రీకే ఫ్రాంకో రాసినవి, ఆయన జీవితకృషిలో అత్యున్నతమైనవని చెప్పడానికి సందేహించనక్కరలేదు. బంగారు పంజరం అని అర్థమిచ్చే ‘లా హౌలా దె ఓరో’లో అమెరికాలో ఏళ్ల తరబడి కాగితాలు లేకుండా బతుకుతున్న తండ్రి చేతినిండా డబ్బున్నా, పట్టుబడి పంపివేయబడతాననే భయంతో వీధిలోకి రాలేడు. సంగీతం కొనసాగుతుండగా మాటల్లో వచ్చే ఒక చిన్న సంభాషణలో, మెక్సికోకు తిరిగిపోదామా అని తండ్రి స్పానిష్‌లో అడిగితే కొడుకు ఇంగ్లీషులో ఒప్పుకోనంటాడు. ఒక కుటుంబంలో భాష చేజారిపోయే క్షణాన్ని ఇంత పొదుపుగా పట్టుకొన్న పాట మరొకటి దొరకడం కష్టం. 2013లో దియేగో కేమాదా దియేస్ తీసిన, కాన్స్ చిత్రోత్సవంలో పురస్కారం పొందిన సినిమాకు కూడా ఇదే పేరు పెట్టారు. ‘త్రెస్ వేసెస్ మొహాదో’ అనే మరో పాటలో అంతర్యుద్ధంతో రగులుతున్న ఎల్ సాల్వదోర్ నుంచి బయలుదేరినవాడు గ్వాటెమాలా, మెక్సికో, అమెరికా అనే మూడు దేశాల సరిహద్దులను చాటుగా దాటుతాడు. తమ దేశస్థులు ఉత్తరాన పడే అవమానాలను పాడే మెక్సికన్ బృందం, మధ్య అమెరికా మనిషికి మెక్సికోలో ఎదురయ్యే కష్టాన్ని కూడా పాడడం నైతికంగా చాలా పెద్ద అడుగు. ఈ పాటలు వెలువడిన కాలంలోనే, 1986 నాటి అమెరికా వలస సంస్కరణ చట్టం సుమారు 27 లక్షల మందికి చట్టబద్ధ నివాసం కల్పించింది. ఆ దశకంలోని ‘గ్రాసియాస్ అమేరికా సిన్ ఫ్రొంతేరాస్’ ఆల్బమ్‌కు 1988లో గ్రామీ పురస్కారం లభించింది.

మత్తుపదార్థాల వ్యాపారులను గురించిన ‘నార్కోకొరీదో’లపై విమర్శ తేలికగా కొట్టివేయదగినది కాదు. వేలాది కుటుంబాలను బలిగొన్న వ్యాపారానికి ఈ పాటలు ఆకర్షణ చేకూరుస్తాయన్న ఆందోళనలో న్యాయముంది. 1997 నాటి ‘హేఫె దె హేఫెస్’, అంటే నాయకులకు నాయకుడు, పాటలో ఒక అధిపతి తన ప్రాభవాన్ని తానే చాటుకొంటాడు, అయితే అందులో నిజమైన వ్యక్తి పేరేదీ ఉండదు. 2012లో చిహువాహువా నగర పాలక యంత్రాంగం ఇటువంటి పాటలు పాడారన్న కారణంతో బృందాన్ని అక్కడ ప్రదర్శనలు ఇవ్వకుండా నిషేధించింది. అయితే విమర్శకులు ఒక తేడాను విస్మరిస్తారు. తరువాతి తరాలలో డబ్బు తీసుకొని బతికున్న ముఠా నాయకులను పొగిడే పాటలు వెల్లువెత్తగా, హోర్హే ఎంచుకొన్న కథలలో చట్టాన్ని మీరినవారు చాలావరకు ద్రోహానికో, తూటాకో బలవుతారు. పైగా ‘కొరీదోస్ ప్రోయిబీదోస్’ అనే 1989 నాటి ఆల్బమ్‌లోనే, 1988లో తిహువానాలో హత్యకు గురైన ‘సేతా’ వారపత్రిక సహవ్యవస్థాపకుడు ఎక్తోర్ ఫేలిక్స్ మిరాందాపై పాట కూడా ఉంది. నేరస్థుడికీ, హతుడైన పాత్రికేయుడికీ ఒకే కథా రూపాన్ని కేటాయించిన బృందాన్ని కేవలం నేరాన్ని కీర్తించేదిగా జమకట్టడం అన్యాయం.

అధికారాన్ని నిలదీసిన పాటలకు అసలు ప్రతిఘటన ఎదురైంది. 1996లో వచ్చిన ‘ఎల్ సిర్కో’, జెస్సీ అర్మెంతా రచన, మెక్సికో మాజీ అధ్యక్షుడు కార్లోస్ సలీనాస్‌నూ, అప్పటికే జైలు పాలైన ఆయన అన్న రావుల్‌నూ సర్కసు నడిపే సోదరులుగా చిత్రించింది. 1994 డిసెంబరులో పెసో విలువ కుప్పకూలి పొదుపులు ఆవిరైపోయిన జనానికి ఆ సోదరులెవరో ఎవరూ విప్పి చెప్పవలసిన అవసరం లేకపోయింది. 2009 నాటి ‘లా గ్రాంహా’ జంతువుల నీతికథ రూపంలో, మాదకద్రవ్యాల ముఠాలపై సైన్యాన్ని దింపిన తరువాత మెక్సికో చేరుకొన్న దుస్థితిని వర్ణించింది. ఆ ఏడాది మెక్సికో నగరంలోని జాతీయ ఆడిటోరియం పురస్కారాల సభలో ఆ పాట పాడవద్దని కోరగా, బృందం అసలు సభకే హాజరు కాలేదు. పాడడంలో చూపినంత నిగ్రహమే పాడకపోవడంలోనూ ఉంది.

వేదికపై హోర్హే పనితీరు వేరు. నొర్తేన్యో ప్రదర్శన ప్రధానంగా ‘బైలే’, అంటే జనం జంటలుగా నాట్యమాడే సమావేశం. శ్రోతలు తమ ఊరి పేరు, కోరుకొన్న పాట, ఎవరికి అంకితమివ్వాలో రాసిన చీటీలను వేదికపైకి అందిస్తే, హోర్హే వాటిని చదివి, వారిని పలకరించి, గంటల తరబడి అడిగిన పాటలే పాడుతూపోతారు. ముందే నిర్ణయించుకొన్న పాటల జాబితా ఆ రాత్రికి లొంగిపోతుంది. ఎవరికి ఏ పాట దుఃఖం తీరుస్తుందో, ఏ పాటను ఏ ఊరివారు అడుగుతారో దశాబ్దాల పాటు ఇలా తెలుసుకొన్న అనుభవమే ఆయన విచక్షణను పదునుపెట్టి ఉండాలి. తమ్ముళ్లు ఎర్నాన్, ఎదువార్దో, లూయిస్, డ్రమ్ములపై దగ్గరి బంధువైన ఓస్కార్ లారా ఇప్పటికీ ఆయన పక్కనే ఉండగా, మరో తమ్ముడు రావుల్ 1990లలో బృందాన్ని వీడి తన దారిన పాడుకొన్నారు.

వయసు మీదపడ్డాక కూడా ఎంపికలో సాహసం తగ్గలేదు. 2011లో ఎంటీవీ కోసం చేసిన కచేరీలో, ఈ నేల ఎవరిదన్న ప్రశ్న వేసే ‘సోమోస్ మాస్ అమెరికానోస్’ పాటను ‘రేజ్ ఎగెనెస్ట్ ద మెషిన్’ గాయకుడు జాక్ దె లా రోచాతో కలిసి పాడారు. 2014లో ‘రేయలిదాదెస్’ ఆల్బమ్‌లోని ‘ఎరా దిఫెరెంతే’ పాటలో ఒక యువతి మరో యువతిని ప్రేమించిన కథను, మగతనాన్ని గొప్పగా చెప్పుకొనే ఈ ప్రక్రియలోకి సంకోచం లేకుండా తీసుకువచ్చారు. అమెరికన్ గాయకుడు జానీ క్యాష్ ఫాల్సమ్ జైలులో పాడిన యాభై ఏళ్లకు, 2018లో, అదే జైలులోని స్త్రీ పురుష ఖైదీల ముందు బృందం ఇచ్చిన కచేరీ ఆ మరుసటి ఏడాది ఆల్బమ్‌గానూ, నెట్‌ఫ్లిక్స్ డాక్యుమెంటరీగానూ వెలువడింది. 2019 మార్చిలో హ్యూస్టన్ రోడియో ఉత్సవంలో వీరి పాట వినడానికి 75,586 మంది వచ్చి, అప్పటివరకు అక్కడ ఉన్న హాజరు రికార్డును అధిగమించారు.

సోదరులు 2000లో స్థాపించిన ఫౌండేషన్ లాస్ ఏంజిలిస్‌లోని కాలిఫోర్నియా విశ్వవిద్యాలయానికి 5 లక్షల డాలర్లు ఇచ్చింది. రికార్డుల సేకరణకర్త క్రిస్ స్ట్రాక్‌విట్స్ దశాబ్దాలుగా పోగుచేసిన మెక్సికన్, మెక్సికన్ అమెరికన్ రికార్డులను డిజిటల్ రూపంలోకి మార్చే పనికి ఆ సొమ్ము ఆధారమైంది. లక్షకు పైగా ధ్వనిముద్రణలున్న ఆ భాండాగారంలో, నార్సీసో మార్తీనెస్ వంటి తొలితరం వాద్యకారుల రికార్డులతోపాటు, ఎవరూ తిరిగి ముద్రించని అనామక సరిహద్దు గాయకుల కొరీదోలు కూడా పరిశోధకులకు అందుబాటులో ఉన్నాయి.