స్టీవ్ మెక్‌క్వీన్ కెమెరా ఎందుకు కదలదు?

గ్యాలరీ కళాకారుడిగా పేరు తెచ్చుకున్నాక సినిమా దర్శకుడైన స్టీవ్ మెక్‌క్వీన్ 1969లో లండన్‌లో పుట్టారు. తల్లిదండ్రులు కరీబియన్ దీవుల నుంచి వలస వచ్చిన నల్లజాతివారు. బడిలో తనను ప్లంబింగ్, తాపీ పనులకే పనికొస్తారనుకున్న పిల్లల తరగతిలో వేశారని ఆయన ఇంటర్వ్యూల్లో చెప్పారు. ఎవరి పిల్లలు ఏ పని చెయ్యాలో ముందే తేల్చేసే బడి మనకు కొత్తేమీ కాదు. ఆ పిల్లవాడే ఆర్ట్ కాలేజీల్లో చదివి, 1999లో బ్రిటన్‌లో పేరున్న టర్నర్ ప్రైజ్ అందుకున్నారు.

ఆయనకు పేరు తెచ్చినవి గ్యాలరీ గోడల మీద ఆడిన చిన్న ఫిల్ములు. 'డెడ్‌పాన్' (1997)లో ఇంటి గోడ ఆయన మీద కూలుతుంది. కిటికీ ఖాళీలో నిలబడ్డ మనిషి మాత్రం కదలడు. 'వెస్టర్న్ డీప్' (2002) దక్షిణాఫ్రికా బంగారు గని కార్మికులతో పాటు చీకట్లోకి దిగుతుంది.

గ్యాలరీలో నచ్చకపోతే పక్క గదిలోకి వెళ్లిపోవచ్చు. సినిమా హాల్లో అలా తప్పుకోవడం అంత తేలిక కాదు. మెక్‌క్వీన్ గ్యాలరీ నిదానాన్ని హాల్లోకి తెచ్చారు. మొదటి సినిమా 'హంగర్' (2008), 1981లో ఉత్తర ఐర్లండ్ జైల్లో 66 రోజుల నిరాహార దీక్షతో చనిపోయిన బాబీ శాండ్స్ కథ. అందులో ఖైదీలు నిరసనగా తలుపుల కింద నుంచి మూత్రం పారబోస్తారు. ఒక మనిషి ఆ వరండా పొడవునా దాన్ని తుడుచుకుంటూ వస్తాడు. కెమెరా కదలదు, కట్ ఉండదు. పాకీ పనిని ఒక కులానికి అంటగట్టిన దేశంలో ఈ షాట్‌ను మనం ఇంకోలా చూస్తాం. ఒకరి మురికిని ఇంకొకరు ఎత్తడానికి ఎంతసేపు పడుతుందో అది చూపిస్తుంది.

'12 ఇయర్స్ ఎ స్లేవ్' (2013)లో ఉరితాడుకు వేలాడుతున్న సాలమన్ కాలివేళ్లు బురదను తాకీ తాకకుండా ఉంటాయి. వెనక మిగతా బానిసలు తమ పనుల్లో ఉంటారు, పిల్లలు ఆడుకుంటారు. హింస అక్కడ రోజువారీ సంగతి. నల్లజాతి దర్శకుడి సినిమాకు ఉత్తమ చిత్రం ఆస్కార్ రావడం అదే మొదటిసారి.

2020లో వచ్చిన 'స్మాల్ యాక్స్' అయిదు చిత్రాల వరుసలో చివరిది 'ఎడ్యుకేషన్'. 1970ల లండన్‌లో చదువు రాదని ముద్ర వేసి ఒక నల్లపిల్లవాణ్ని వేరే బడికి పంపేస్తారు. అక్కడ టీచరు పాఠం మానేసి గిటారు వాయిస్తూ పాట అందుకుంటాడు. పిల్లలతో పాటు మనమూ ఆ పాటంతా వినాల్సిందే. వాళ్ల చదువు ఎలా దొంగతనానికి గురైందో చెప్పడానికి అంతకన్నా మాటలు అక్కర్లేదు. నల్లజాతి తల్లులు, కార్యకర్తలు నడిపిన శనివారం బడిలోనే ఆ పిల్లవాడికి చదవడం వస్తుంది.