ఎముక కోరే కుదుపు

బస్తర్ అడవిసీమలో మురియా గోండు యువకులు వెదురు గడలపై నిలిచి నర్తిస్తారు. గడకు అమర్చిన మెట్టుపై పాదం మోపి, డోలు దరువుకు లయ తప్పకుండా గెంతుతారు. ఛత్తీస్‌గఢ్‌లో ఈ గడకు 'గెడి' అని పేరు. గెంతిన ప్రతిసారీ నేల తాకిడి గడ గుండా కాలికి, తుంటికి, వెన్నుకు ప్రాకుతుంది. పట్టణవాసుల వ్యాయామాలలో తరచు లోపించేది ఈ తాకిడే.

ఎముక జడపదార్థం కాదు. నిత్యం కరుగుతూ, నిత్యం నిర్మితమవుతూ ఉండే సజీవ ధాతువు. మోసే భారాన్ని బట్టి అది తన కట్టడాన్ని మార్చుకుంటుందని జర్మన్ వైద్యుడు జూలియస్ వోల్ఫ్ 1892లోనే ప్రతిపాదించాడు. హఠాత్తుగా భారం పడినప్పుడు ఎముకలోని సూక్ష్మనాళికలలో ద్రవం కదులుతుంది. అక్కడి కణాలు ఆ కదలికను పసిగట్టి, కొత్త ఎముకను నిర్మించే కణాలను మేల్కొలుపుతాయి. టెన్నిస్ క్రీడాకారులకు రాకెట్ పట్టే చేతి ఎముక రెండవ చేతి ఎముకకన్నా దళసరిగా ఉండడానికి కారణమిదే.

మరి రోజూ సైకిలు తొక్కేవారి మాటేమిటి? వారి గుండె, కండరాలు బలపడతాయి. కాని దేహభారాన్ని జీను మోస్తుంది గనుక ఎముకకు పని తగ్గుతుంది. పందెపు సైకిలిస్టులు పలువురిలో వెన్నెముక సాంద్రత తక్కువగా ఉన్నట్లు పరిశోధనలలో తేలింది. దేహాన్ని నీరు తేల్చే ఈతలోనూ ఇదే చిక్కు.

ఈ లోటు తీరుతుందా? అమెరికాలోని మిస్సోరి విశ్వవిద్యాలయ పరిశోధకులు 2015లో దీనికి ఆశాజనకమైన సమాధానం వెలువరించారు. వ్యాయామపరులై ఉండి కూడా ఎముక సాంద్రత తగ్గిన 25-60 ఏళ్ల పురుషులలో ఒక జట్టు ఏడాదిపాటు బరువులెత్తింది, మరొకటి గెంతింది. ఇరు జట్లవారూ కాల్షియం, విటమిన్ డి తీసుకున్నారు. రెండింటిలోనూ వెన్నెముక సాంద్రత పెరిగింది. తుంటి సాంద్రత మాత్రం బరువులెత్తినవారిలోనే పెరిగింది. అదే సంవత్సరం ప్రచురితమైన మరో అధ్యయనంలో 25-50 ఏళ్ల స్త్రీలు గెంతుకు గెంతుకు మధ్య అర నిమిషం ఆగుతూ, రోజుకు రెండుసార్లు, విడతకు 10 లేక 20 గెంతులు వేశారు. 16 వారాలలో వారి తుంటి సాంద్రత మెరుగుపడింది.

అయితే ఎముకలు ఇదివరకే గుల్లబారినవారు, కీళ్లనొప్పులు ఉన్నవారు వైద్యుని సలహా లేనిదే గెంతరాదు. తక్కినవారు మెత్తని నేలపై కొద్దిపాటి గెంతులతో ఆరంభించి, క్రమంగా పెంచుకోవచ్చు. అభ్యాసం మాత్రం మానరాదు; మానితే కూడబెట్టిన బలం మెల్లగా కరిగిపోతుంది.