వేదిక ఖాళీ అయినా ఆగని కీర్తన

మన గ్రామ సంఘములో పాట ఎత్తుకొన్న సహోదరుని గొంతు మధ్యలో బొంగురుపోతే ఏమవుతుంది? పాట ఆగదు. స్త్రీల వైపు నుండి ఎవరో పల్లవి అందుకొంటారు. ముందు చాపమీద కూర్చున్న పిల్లలు చప్పట్లతో కలుస్తారు. ఆ పాట ఏ ఒక్కరిదీ కాదు, సంఘమంతటిది. ఇటువంటి అనుభవమే ఒక రాక్ సంగీత కచేరీ రికార్డులో వినబడుతుందంటే మీరు నమ్ముతారా?

ఐర్లండు రాజధాని డబ్లిన్‌లో 1976లో నలుగురు పాఠశాల విద్యార్థులు ఒక వాద్యబృందముగా కూడారు. పాడేది బోనో, గిటారు ఎడ్జ్, బేస్ గిటారు ఆడమ్ క్లేటన్, డ్రమ్ములు లారీ ముల్లెన్. తరువాత లోకమంతా ఎరిగిన ‘యూ2’ బృందము ఇదే. బోనో తల్లి ప్రొటెస్టెంటు, తండ్రి కాథలిక్కు. పద్నాలుగేళ్ళ వయసులోనే అతడు తల్లిని పోగొట్టుకొన్నాడు.

ఆడమ్ తప్ప మిగతా ముగ్గురు ‘షాలోమ్’ అనే క్రైస్తవ సహవాసములో చేరి వాక్యము చదువుచు, ప్రార్థించుచు ఉండేవారు. అయితే రాక్ సంగీతము, క్రీస్తు మార్గము కలిసి సాగవన్న మాట అక్కడ బలముగా వినబడింది. ఆ యౌవనస్థులు ఎంతో కలవరపడ్డారు. 1981లో బృందమే చెదరిపోయే పరిస్థితి వచ్చింది. అప్పుడు వారి మేనేజరు పాల్ మెక్‌గిన్నెస్, ఒప్పుకొన్న కచేరీల విషయము వారికి గుర్తుచేశాడు. చివరకు వారు ఆ సహవాసమును విడిచారు గాని విశ్వాసమును విడువలేదు. గిటారును క్రింద పెట్టనూ లేదు.

1983 ఫిబ్రవరిలో వారి ‘వార్’ ఆల్బమ్ వెలువడింది. అందులో మొదటి పాట ఉత్తర ఐర్లండులోని డెర్రీ పట్టణములో 1972 జనవరి 30న, ఆదివారమున జరిగిన ఘోరమును గూర్చినది. ఆ రోజు బ్రిటిషు సైనికుల కాల్పులలో 13 మంది అక్కడే మరణించారు. ఇంకెంతకాలము ఈ రక్తపాతమని ఆ పాట అడుగుతుంది.

ఆల్బమ్‌లోని చివరి పాట పుట్టిన విధము ఆశ్చర్యకరము. స్టూడియోలో వారి సమయము అయిపోవచ్చింది. ఇంకొక పాట కావాలి. ఆడమ్ అప్పటికే వెళ్ళిపోయాడు. బోనో బైబిలు తెరచి 40వ కీర్తనను ఆధారము చేసుకొన్నాడు. ఓపికతో కనిపెట్టుకొన్నవానిని దేవుడు ఊబిలోనుండి లేవనెత్తి బండమీద నిలిపిన సంగతి ఆ కీర్తనలో ఉంది గదా! పల్లవికి మాత్రము 6వ కీర్తనలోని మొర తీసుకొన్నారు. అదీ ఎంతకాలమనే మొరే. వ్రాయడానికి, రికార్డు చేయడానికి, మిక్సింగుకు, తిరిగి వినడానికి పదేసి నిమిషాలు పట్టిందని బోనో తెలిపాడు. పాట పేరు ‘40’.

అదే సంవత్సరము నవంబరులో వారి మొదటి కచేరీ ఆల్బమ్ ‘అండర్ ఎ బ్లడ్ రెడ్ స్కై’ వచ్చింది. అందులో ఎనిమిది పాటలున్నాయి. అమెరికాలోని బోస్టన్‌లో, కొలరాడో కొండల మధ్యనున్న రెడ్ రాక్స్‌లో, జర్మనీలో రైన్ నది ఒడ్డునున్న లోరెలైలో ప్రజల యెదుట పాడినవే అవి. రెడ్ రాక్స్‌లో జూన్ 5న చలి, వాన. కచేరీ జరుగుతుందో లేదో అన్నంత సందేహము. అయినను వారు తడుస్తూనే పాడారు, జనులు తడుస్తూనే విన్నారు.

ఈ ఆల్బమ్‌కు ముగింపు ‘40’ పాటే. ఆ కాలములో వారి కచేరీలు తరచుగా దానితోనే ముగిసేవి. పాట సాగుచుండగా బృందములో ఒక్కొక్కరే వేదిక దిగిపోయేవారు. చివరకు డ్రమ్ముల దగ్గర లారీ ఒక్కడే మిగిలేవాడు. అతడూ లేచిపోయేవాడు. వేదిక ఖాళీ. కాని వేలాదిమంది పల్లవి పాడుచునే ఉండేవారు. వారిలో ఎందరు మందిరమునకు వెళ్ళేవారో, ఎందరు ఎన్నడూ బైబిలు తెరువనివారో! దావీదు మొర మాత్రము అందరి నోటా ఉంది.

ఈ బృందము పాడినవన్నీ భక్తిగీతాలని గాని, వారి నడవడి అంతటిని మనము అనుసరించాలని గాని నేను చెప్పుట లేదు. తల్లిదండ్రులు, సంఘపెద్దలు పిల్లలు వినే పాటలను పరీక్షించవలసిందే. అయితే ఒక్క విషయము ఆలోచించండి. 1981లో ఆ ముగ్గురూ వాద్యములు విడిచిపెట్టి ఉంటే, ఆ వేలాదిమంది నోట ఆ కీర్తన పలికేదా?

మీ యింట గిటారు పట్టిన కుమారుడో, పాట కట్టే కుమార్తెయో ఉన్నారా? ఆ తలాంతును పాతిపెట్టమని చెప్పకముందు ఒక సాయంకాలము వారి ప్రక్కన కూర్చుని వినండి. తరువాత బైబిలు తెరచి, ఒక కీర్తన కలిసి చదివి, దీనికి రాగము కట్టగలవా అని అడగండి. ఆ రాగము వచ్చే ఆదివారము మీ సంఘమంతా అందుకొనవచ్చును.