కోటా బియ్యం: పేదల హక్కు, అందరి అమానతు

2025 జూన్ 7, బక్రీద్ రోజు. కాశీబుగ్గలో ఖుర్బానీ మాంసం పంచుతున్న చోటికి ఒక వృద్ధ వితంతువు చేతిసంచితో వచ్చింది. తన వాటా తీసుకొని, దుఆ ఇచ్చి, వెళ్లబోతూ ఆగి మాతో ఒక మాట అన్నది.

“మాంసం ఇచ్చారు మౌల్వీసాబ్, అల్లాహ్ మీకు బర్కత్ ఇవ్వాలి. దీనిలోకి వండుకోవడానికి ఇంట్లో బియ్యం లేవు.”

“అదేమిటి ఖాలా! మీది అంత్యోదయ కార్డు కదా. నెలకు 35 కిలోలు వస్తాయి కదా?” అని అడిగాము.

“మూడు నెలలై రాలేదు. బండి వచ్చే వేళకు నేను పనిలో ఉండేదాన్ని. ఇంట్లో ఉన్న రోజున వేలు పెడితే మిషనులో పడలేదు. ముప్పయి ఏళ్లు జీడిపిక్కలు కొట్టిన వేళ్లు బాబూ ఇవి. మిషను పోల్చుకోకపోయినా అల్లాహ్ పోల్చుకుంటాడు.”

అంటూ రెండు అరచేతులూ చూపించింది. పలాస, కాశీబుగ్గల జీడి పరిశ్రమ గురించి తెలిసినవారికి ఆ చేతుల సంగతి వేరే చెప్పనక్కరలేదు. పిక్క పెంకులోని జీడినూనె చర్మాన్ని కాలుస్తుంది. బూడిద రాసుకున్నా, ఆముదం పూసుకున్నా, ఏళ్ల తరబడి ఆ పని చేసిన వేళ్లమీద గీతలు అరిగిపోతాయి. ఊరికి పేరు తెచ్చిన చేతులకే వేలిముద్ర కరువైంది.

మార్చి, ఏప్రిల్, మే. మూడు నెలలకు 105 కిలోల బియ్యం. మార్చిలోనే రంజాన్ వచ్చింది. ఆ రంజాన్‌లో మేమే ఆమె చేతికి జకాత్ పైకం ఇచ్చాము. ఆ పైకంతో కొనగలిగే బియ్యం ఆమెకు రావలసిన దానిలో నాలుగోవంతు కూడా ఉండదు. అయినా “మీ కోటా మీకు అందుతున్నదా?” అని ఒక్క ముక్క అడగలేదు. ఈ వ్యాసం రాయడానికి కారణం మా ఆ పొరపాటే.

భిక్ష కాదు, హక్కు

దివ్యఖుర్ఆన్‌లో అల్ మాఊన్ సూరా చాలా చిన్నది. మక్తబ్‌కు వచ్చిన తొలి రోజుల్లోనే మన పిల్లలు దానిని కంఠస్థం చేస్తారు. తీర్పును నమ్మనివాని గుర్తులు అందులో చెప్పబడ్డాయి. పేదవానికి అన్నం పెట్టే విషయంలో అతడు ఇతరులను ప్రోత్సహించడన్నది ఆ గుర్తులలో ఒకటి. గమనించండి, అక్కడి నింద కేవలం పెట్టనందుకు కాదు, పెట్టించనందుకు. అంటే మన చేతిలో లేకపోయినా, ఉన్న చోటు నుంచి పేదవానికి ఇప్పించడం కూడా మన విధియే.

ఉన్న చోటు ఎక్కడ? మన రాష్ట్రంలో 1983లో ఎన్.టి. రామారావు ప్రభుత్వం కిలో 2 రూపాయల బియ్యం పథకం మొదలుపెట్టింది. 2000 డిసెంబరులో నిరుపేదల కోసం కేంద్రం అంత్యోదయ పథకం తెచ్చింది. 2013లో పార్లమెంటు జాతీయ ఆహార భద్రత చట్టం చేసింది. దానితో అంతకు ముందు ప్రభుత్వాల దయగా ఉన్నది పౌరుని హక్కుగా మారింది. ఆ చట్టం ప్రకారం అంత్యోదయ కుటుంబానికి నెలకు 35 కిలోలు, మిగతా అర్హులకు మనిషికి 5 కిలోలు. ఇంట్లో ఐదుగురుంటే 25 కిలోలన్నమాట. 2023 జనవరి నుంచి ఈ ధాన్యానికి కేంద్రం ధర తీసివేసింది. 2024 జనవరి 1 నుంచి ఐదేళ్లపాటు ఉచితంగానే ఇస్తామని ప్రకటించింది.

కార్డుమీద ఇంటి పెద్దగా ఎవరి పేరు ఉండాలో కూడా ఈ చట్టమే చెప్పింది. ఇంట్లో 18 ఏళ్లు నిండిన ఆడవారిలో అందరికన్నా పెద్దామెదే ఆ స్థానం. పరదా పాటించే ఇళ్లలో స్త్రీ పేరు కాగితాల మీదకు ఎందుకని సంకోచించేవారు ఈ సంగతి గుర్తుంచుకోవాలి.

కొందరికి డిపో ముందు నిలబడటం నామోషీ. ముఖ్యంగా ఒకప్పుడు కొట్టు నడిపి దెబ్బతిన్నవారికి, 2018 అక్టోబరు 11న తిత్లీ తుపానులో కొబ్బరి, జీడితోటలు పోగొట్టుకున్నవారికి ఈ బిడియం ఎక్కువ. అర్హత ఉన్నవాడు తన హక్కు తాను తీసుకోవడంలో సిగ్గు లేదు. పిల్లలను పస్తు పెట్టి పరువు కాపాడుకోమని మన ధర్మం చెప్పలేదు.

ఎక్కడ, ఎప్పుడు తీసుకోవాలి?

2021 ఫిబ్రవరి నుంచి 2025 మే వరకు మన రాష్ట్రంలో రేషను బళ్లు వీధుల్లోకి వచ్చేవి. 2025 జూన్ 1 నుంచి మళ్లీ డిపోల దగ్గరే ఇచ్చే పద్ధతి వచ్చింది. నెలలో 1వ తేదీ నుంచి 15వ తేదీ వరకు, ఉదయం 8 నుంచి 12 వరకు, సాయంత్రం 4 నుంచి 8 వరకు అని వేళలు ప్రకటించారు. జుమా నాడు వెళ్లేవారు ఉదయపు పూటే ముగించుకుంటే నమాజుకు ఆలస్యం కాదు. జీడి పనివారికి, చేపల వేటకు వెళ్లేవారికి సాయంత్రపు వేళ అనుకూలం.

65 ఏళ్లు దాటిన వృద్ధులకు, దివ్యాంగులకు ఇంటికే తెచ్చి ఇవ్వాలన్నది అదే ఉత్తర్వులో ఉన్న ఏర్పాటు. కవిటి, సోంపేట, కంచిలి, మందస, వజ్రపుకొత్తూరు మండలాల్లో కిడ్నీ జబ్బు సోకని వీధి అరుదు. డయాలసిస్‌కు వారంలో రెండు మూడు రోజులు పోయే మనిషి డిపో ముందు వరుసలో నిలబడలేడు. అలాంటి ఇళ్లలో ఎవరికి వయసు, ఎవరికి దివ్యాంగ ధ్రువపత్రం ఉన్నాయో చూసి, డీలరుకు, సచివాలయానికి ముందుగా తెలియజేయాలి.

మీ డిపోలోనే తీసుకోవాలన్న నిర్బంధం లేదు. టెక్కలి కార్డుతో పలాసలో తీసుకోవచ్చు, సోంపేట కార్డుతో విశాఖలో తీసుకోవచ్చు. రాష్ట్రం దాటినవారి కోసం ఒకే దేశం – ఒకే కార్డు పద్ధతి ఉంది. 2019 ఆగస్టులో దీనిని మొదట ప్రారంభించిన రాష్ట్రాలలో ఆంధ్రప్రదేశ్, తెలంగాణ ఉన్నాయి. 2022 జూన్ నాటికి ఇది దేశమంతటికీ విస్తరించింది. ఉద్దానం నుంచి హైదరాబాదుకో, భువనేశ్వర్‌కో, చెన్నైకో పనికి వెళ్లిన కొడుకు తన వాటా అక్కడ తీసుకొని, ఇంటి దగ్గర తల్లి మిగిలినది ఇక్కడ తీసుకోవచ్చు. అయితే ఒక జాగ్రత్త. మన రాష్ట్రంలో కేంద్ర చట్టం కింద ఉన్న కార్డులూ ఉన్నాయి, రాష్ట్రం తన ఖర్చుతో నడిపే కార్డులూ ఉన్నాయి. రాష్ట్రం బయట చెల్లేవి మొదటి రకం మాత్రమే. ప్రయాణానికి ముందే మీ కార్డు ఏ రకమో సచివాలయంలో అడిగి తెలుసుకోండి.

వేలిముద్ర పడకపోతే?

బక్రీద్ తరువాత రెండవ రోజు ఉదయం ఆ ఖాలాతో కలిసి మేము డిపోకు వెళ్లాము. చేతులు కడిగించి, శుభ్రంగా తుడిపించి, ఒక్కొక్క వేలే పెట్టించాము. కుడిచేతి వేళ్లు ఒక్కటీ పడలేదు. ఎడమచేతి చిటికెన వేలు పడింది! పది వేళ్లలో ఏదైనా పెట్టవచ్చునని అంతవరకు ఆమెకు ఎవరూ చెప్పలేదు.

కాబట్టి మొదటి మాట ఇది. ఒక వేలు పడకపోతే పది వేళ్లూ చూడాలి. రెండవది, కార్డులో పేరున్న ఎవరి వేలైనా చాలు, ఇంటి పెద్దే రానక్కరలేదు. అందుకే ఇంటిల్లిపాదీ ఈ-కెవైసీ చేయించుకోవాలి. మూడవది, ఆధార్ కేంద్రానికి వెళ్లి వేలిముద్రలు, కనుపాప మళ్లీ తీయించుకోవాలి, ఫోను నంబరు కలిపించుకోవాలి. వేలు పడనప్పుడు కనుపాపతోనో, ఆ ఫోనుకు వచ్చే ఓటీపీతోనో ఇచ్చే ప్రత్యామ్నాయాలను కేంద్రం నియమాల్లోనే పెట్టింది.

ఇవి ఎందుకు పెట్టవలసి వచ్చిందో కూడా తెలుసుకోవాలి. 2017 సెప్టెంబరులో జార్ఖండ్ రాష్ట్రం సిమ్డేగా జిల్లాలో పదకొండేళ్ల బాలిక మరణించింది. ఆధార్‌తో కలపలేదని కార్డు తీసివేయడంతో ఆ ఇంటికి నెలల తరబడి రేషను ఆగిపోయింది. బిడ్డ ఆకలితో పోయిందని తల్లి చెప్పింది, జబ్బుతో పోయిందని అధికారులు చెప్పారు. దేశమంతా కలత చెందింది. ఆ తరువాతి నెల, 2017 అక్టోబరు 24న, ఆధార్ లేదని గానీ, యంత్రం పనిచేయలేదని గానీ ఎవరికీ రేషను నిరాకరించరాదని కేంద్రం రాష్ట్రాలకు రాసింది. “మిషను పడలేదు, వెళ్లిపో” అన్న మాట అంతిమ తీర్పు కాదు.

అప్పటికీ ఇవ్వకపోతే 1967 నంబరుకు ఉచితంగా ఫోను చేయవచ్చు. సోమవారాల్లో అర్జీలు తీసుకునే వేదికలో, టెక్కలి, పలాస ఆర్డీవో కార్యాలయాల్లో రాతపూర్వకంగా ఇవ్వవచ్చు. ఇచ్చిన అర్జీకి రసీదు తప్పక తీసుకోండి.

తూకం, రసీదు, సంచిలోని గింజ

కొలతల్లో మోసం చేసేవారి పేరుతోనే ఖుర్ఆన్‌లో అల్ ముతఫ్ఫిఫీన్ అనే సూరా ఉంది. మద్యన్ ప్రజలకు హజ్రత్ షుఐబ్ (అలై) చేసిన బోధలోనూ తూకం మాట ప్రధానం. కనుక తూకం చూసుకోవడం డీలరును అనుమానించినట్లు కాదు. ఇద్దరినీ పాపం నుంచి కాపాడే పద్ధతి అది. కాటా మీద అంకె, రసీదు మీద అంకె సరిపోవాలి. రసీదులో పప్పు, పంచదార రాసి ఉంటే అవి సంచిలో కూడా ఉండాలి.

బియ్యంలో కొన్ని గింజలు వేరుగా కనిపించి, కడిగేటప్పుడు తేలితే “ప్లాస్టిక్ బియ్యం” అని పారబోసేవారున్నారు. అవి ప్లాస్టిక్ కావు. ఇనుము, ఫోలిక్ ఆమ్లం, బి12 విటమిన్ కలిపి బియ్యప్పిండితో చేసిన గింజలు. నూరు గింజలకు ఒకటి చొప్పున కలుపుతారు. రక్తహీనత తగ్గాలన్న ఉద్దేశంతో 2024 నాటికి దేశమంతటా రేషనులో ఈ బలవర్ధక బియ్యం ఇచ్చారు. ఆడపిల్లలకు మేలు చేసే గింజలను ఏరి పారేయకండి. కిడ్నీ జబ్బు, తలసీమియా వంటివి ఉన్నవారు మాత్రం తమ ఆహారం గురించి వైద్యుని సలహా తీసుకోవాలి.

పట్టీలో పేరు

హజ్రత్ ఉమర్ (రజి) తన ఖిలాఫత్ కాలంలో దీవాన్ అనే పట్టీ రాయించి, ప్రజలకు భత్యాలు ఏర్పాటు చేశారు. మొదట్లో తల్లిపాలు మానిన పిల్లలకే భత్యం ఉండేది. ఒక రాత్రి మదీనా వెలుపల దిగిన వర్తకుల బిడారానికి ఆయన కాపలా కాస్తుండగా, ఒక పసిబిడ్డ ఏడుపు ఆగకుండా వినిపించింది. తల్లిని అడిగారు. తాను ఎవరితో మాట్లాడుతున్నదీ ఆమెకు తెలియదు. పాలు మానితేగాని ఉమర్ భత్యం ఇవ్వడు గనుక తొందరపడి మాన్పిస్తున్నానని చెప్పింది. ఆ మాటకు ఆయన కుమిలిపోయారు. ఫజ్ర్ నమాజు కాగానే, పుట్టిన ప్రతి బిడ్డకూ భత్యం ఉంటుందని చాటింపు వేయించారు.

ఏలినవాడు తన పట్టీని అలా సరిదిద్దుకున్నాడు. మరి మన పట్టీ సంగతి? ఇంటికి కోడలు వచ్చి మూడేళ్లయినా ఆమె పేరు పుట్టింటి కార్డులోనే ఉంటుంది. బిడ్డ బడికి పోతున్నా కార్డులో పేరు ఎక్కదు. మనిషికి 5 కిలోలు చొప్పున ఇద్దరికీ నెలకు 10 కిలోలు, ఏడాదికి 120 కిలోలు మన అశ్రద్ధవల్లనే పోతున్నాయి. సచివాలయంలో దరఖాస్తు ఇవ్వాలి. కోడలి పేరు మొదట పుట్టింటి కార్డులో తీయించాలి. బిడ్డకు జనన ధ్రువపత్రం, ఆధార్ సిద్ధం చేసుకోవాలి. 5 ఏళ్లు నిండినప్పుడు, 15 ఏళ్లు నిండినప్పుడు పిల్లల ఆధార్‌లో వేలిముద్రలు కొత్తగా తీయించాలి.

అలాగే చనిపోయినవారి పేరు మనమే తీయించాలి. మయ్యత్‌ను ఖనన్ చేసి వచ్చి, ఆ పేరున బియ్యం తెచ్చుకు తినడం అమానతులో ఖయానత్. అర్హత దాటినవారు కార్డు పట్టుకొని ఉండటమూ అంతే.

ఇక బియ్యం అమ్ముకోవడం గురించి. డిపోలో తీసుకున్న బియ్యాన్ని వీధి చివర దళారికి నాలుగు డబ్బులకు ఇచ్చేయడం కొన్ని ఊళ్లలో మామూలైపోయింది. చిన్న చిన్న సంచులే లారీలై రేవులకు చేరుతున్నాయి. 2024 నవంబరులో కాకినాడ రేవులో బయటపడిన వ్యవహారం అందరికీ గుర్తుండే ఉంటుంది. ఇది చట్టరీత్యా నేరం. మన దృష్టిలో అంతకన్నా పెద్ద మాట, ఆకలి తీర్చడానికి ఇచ్చిన అమానతును సరుకుగా మార్చడం. మన వర్తకులు ఆ బియ్యం కొనకూడదు, మన ఇళ్లు అమ్మకూడదు.

ప్రతి మస్జిద్ చేయగల పని

శ్రీకాకుళం జిల్లాలో మన జనాభా కొద్ది. ఏ ఇంట్లో పొయ్యి వెలగలేదో తెలుసుకోవడం కష్టం కాదు. నెలలో మొదటి జుమా తరువాత చదువుకున్న ఇద్దరు యువకులు ఒక పుస్తకం పట్టుకొని కూర్చుంటే చాలు. ఎవరికి వేలు పడలేదు, ఎవరి పేరు ఎక్కలేదు, ఎవరి కార్డు ఆగిపోయింది అని రాసుకొని, వారి వెంట డిపోకు, సచివాలయానికి నడవాలి. ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు వేట నిషేధంలో ఇంటి దగ్గర కూర్చునే గంగపుత్రుల వీధికీ, జీడి పనివారి వీధికీ కూడా ఆ యువకులు వెళ్లాలి. ఆకలికి మతం లేదు, పొరుగువాని హక్కుకూ మతం లేదు.

ఆ రోజు ఖాలాకు జూన్ కోటా 35 కిలోలు అందాయి. బస్తా ఇంటికి చేర్చాము. అంతకు ముందరి 105 కిలోల కోసం ఆమె తరఫున అర్జీ రాసి ఇచ్చాము. అవి రాలేదు. అధికారులు జవాబు చెప్పవలసిన సంగతి అలా ఉంచి, మేము జవాబు చెప్పవలసిన సంగతి ఒకటి ఉంది. రంజాన్‌లో ఒక్క ప్రశ్న వేసి ఉంటే ఆ బియ్యంలో చాలాభాగం ఆమె ఇంట ఉడికేది.

వచ్చే జకాత్ ఇచ్చేటప్పుడు, పాఠకులారా, పైకంతో పాటు ఆ ప్రశ్న కూడా వేయండి: “మీ కోటా మీకు అందుతున్నదా?”