తొలి దూరదర్శనమున నొక నటి

రేడియోలో మాటాడువాడు తన ముఖము నెవరును చూడరను ధైర్యముతో మాటాడును. నేనును అట్టివాడనే. ఆ ధైర్యమునకు తావులేని చోట మొదట నిలిచినవారిలో నొకతె బేయాత్రిస్ బ్రెత్తీ యను ఫ్రెంచి నటి.

ఈమె 1893లో జన్మించెను. పారిసు నగరమున కొమెదీ ఫ్రాన్సేజ్ అను నాటకసంస్థ కలదు. అది 1680లో రాజాజ్ఞచే నేర్పడి నేటికిని నడచుచున్నది. అందు బ్రెత్తీ మోలియేరు నాటకములలోని దాసీపాత్రలకు పేరుగాంచెను. ఈ దాసీలు యజమానుడు చెప్పినదానికి తలయూపువారు కారు. ఆయన తెలివితక్కువను ఆయన యెదుటనే బయటపెట్టుదురు. అట్టి పాత్రకు గొంతొక్కటి చాలదు. నడక, చేతివిసురు, రంగస్థలమంతయు కావలయును.

1935 ఏప్రిలు 26వ తేదీ రాత్రి ఫ్రెంచి ప్రభుత్వమువారి తొలి దూరదర్శన ప్రసారము జరిగెను. గ్రెనెల్ వీధియందలి తపాలాశాఖ భవనములో నొక గది దానికి వేదిక. బ్రెత్తీ అందు నాటకమాడలేదు. తమ బృందము ఇటలీ దేశమున జేసిన యాత్రను గూర్చి ముచ్చటించెను.

నాటకమేల ఆడలేదన, అది యంత్రమునుబట్టి తెలియును. దూరదర్శనమున బొమ్మ యొక్కమారుగా పోదు. నేతగాడు పోగు వెంట పోగు వేసి వస్త్రము నేసినట్లు, యంత్రము ముఖమును గీత వెంట గీతగా చూచి, వెలుతురు హెచ్చుతగ్గులను విద్యుత్తుగా మార్చి పంపును. అవతలి యంత్రము ఆ గీతలను మరల వరుసగా పేర్చును. ఇది సెకండునకు పలుమారులు జరుగుటచే కన్ను భ్రమపడి, కదలు బొమ్మను చూచును. రెనే బార్తెలెమీ యను ఇంజనీరు 1931లో 30 గీతలతో దీనిని ప్రదర్శించియుండెను. ఈ రాత్రికి గీతలు 60. అరువది పోగులతో చీర నేసిన నెట్లుండును? ముఖమును పోల్చుకొనవచ్చును; నిలువెత్తు మనిషిని చూపినచో కన్నుముక్కులు కలసిపోవును. కావున రంగస్థలమంతయు తనదిగా మెలగిన నటి, ప్రఖరదీపముల వేడిమిలో, నవ్వువారు గాని చప్పట్లు కొట్టువారు గాని యెదుట లేకయే, ముఖముతోను మాటతోను సరిపెట్టుకొనవలసివచ్చెను. అభ్యాసమంతయు నక్కరకు రాని చోట నిలుచుట చిన్న సాహసము కాదు.

ఆనాటి తపాలామంత్రి జార్జి మాందెల్ ఈమె జీవితసహచరుడు. అందువలననే యీ యవకాశము దొరకెనని యనువారుందురు. కావచ్చును. అయినను ఆ మసకబొమ్మలో పరువు పోవు భయము పేరులేనివారికంటె పేరుగలవారికే యెక్కువ.

అదే సంవత్సరము నవంబరులో ఈఫెల్ గోపురమునుండి 180 గీతల ప్రసారము మొదలయ్యెను. తరువాత యుద్ధము వచ్చెను. 1940 జూనులో మాందెల్ మసీలియా యను ఓడపై మొరాకోకు బోవగా బ్రెత్తీయు వెంట నుండెను. అచట ఆయనను నిర్బంధించిరి. 1944 జూలై 7న, జర్మనులకు తోడ్పడిన ఫ్రెంచి మిలీషియావారు ఫాంతెన్‌బ్లో అడవియందు ఆయనను కాల్చిచంపిరి.

బ్రెత్తీ మరల రంగస్థలమెక్కెను. ఆమె 1982లో మరణించునాటికి ఫ్రాన్సున దూరదర్శన యంత్రము దాదాపు ఇంటింట నుండెను.