నష్టరహిత ధ్వని – న్యాయమైన శ్రవణం

"డెత్ మెటల్" అనే సంగీతం వినగానే "ఇది సంగీతమా, రొదా?" అని పెద్దలు నొసలు చిట్లించడం సహజం. అయితే తీర్పు చెప్పేముందు మన చెవికి చేరిన ధ్వని ఎంతవరకు పూర్ణమైనదో విచారించవలసి ఉన్నదని మా అభిప్రాయం. విశాఖ ఓడరేవులోనో, ఉక్కు కర్మాగారంలోనో చేయి తిరిగిన పనివాడు యంత్రాల హోరులో ఒక్క బేరింగు అపశ్రుతిని పసిగట్టగలడు. హోరు వేరు, అందులోని క్రమం వేరు.

అమెరికాలోని ఫ్లోరిడాకు చెందిన "డెత్" బృందం 1991లో వెలువరించిన "హ్యూమన్" ఆల్బమ్‌ను ఉదాహరణగా తీసుకొందాం. అది టాంపా నగరంలోని మోరిసౌండ్ స్టూడియోలో రికార్డు చేయబడినది. బృంద నాయకుడు చక్ షుల్డినర్‌కు నాడు 24 ఏండ్లు. గిటారు వాయించిన పాల్ మాస్విడాల్, డ్రమ్స్ వాయించిన షాన్ రైనర్ట్ 20 ఏండ్లవారు. అనగా మన డిగ్రీ విద్యార్థుల ఈడువారే. లయ మాటిమాటికి మారే ఆ రచనలలో వడిగల బాస్ డ్రమ్ దెబ్బలపై సింబల్స్ సన్నని ధ్వనులు అల్లుకొని ఉంటాయి.

సి.డి.లో ధ్వనిని సెకనుకు 44,100 సార్లు, ఒక్కొక్కసారి 16 బిట్లతో, రెండు చానళ్లలో నమోదు చేస్తారు. వెరసి సెకనుకు 14,11,200 బిట్లు. 128 కిలోబిట్ల ఎం.పి.3 ఇందులో పదకొండవ వంతు మాత్రమే. చెవికి అందదని లెక్కగట్టిన భాగాన్ని అది విసర్జిస్తుంది. అప్పుడు ముందుగా చెదిరేవి సింబల్స్ వంటి ధ్వనులే. 2001లో వచ్చిన "ఫ్లాక్" లాస్‌లెస్ పద్ధతి, అనగా నష్టరహితం. గడచిన కొలతలనుబట్టి రాబోయే కొలతను ఊహించి, ఊహకు, నిజానికి గల భేదాన్ని మాత్రమే అది భద్రపరుస్తుంది. తిరిగి విప్పినప్పుడు ఒక్క బిట్టయినా తప్పిపోదు.

అయితే ఈ పద్ధతి ఉన్నదానిని కాపాడగలదేగాని లేనిదానిని పుట్టించలేదు. స్టీవ్ డి జార్జియో వాయించిన బాస్ గిటారు తొలి మిశ్రణంలో మరుగున పడినది. అది స్పష్టంగా వినవచ్చుటకు 2011లో జిమ్ మోరిస్ చేసిన కొత్త మిశ్రణం కావలసివచ్చినది. కనుక ఫైలు ఏ రకమైనదని అడుగుటకు ముందు, ఏ మిశ్రణమని అడగవలెను. ఎక్కువ బిట్లు గల ఎం.పి.3కి, ఫ్లాక్‌కు గల తేడా చాలామంది చెవికి అందదన్నదీ సత్యమే.

విద్యార్థి మిత్రులు ముందుగా గాత్రంలేని "కాస్మిక్ సీ" వినవచ్చును. ఒకసారి డ్రమ్స్‌ను, మరొకసారి గిటార్లను, పిదప బాస్‌ను అనుసరించండి. షుల్డినర్ 2001లో, రైనర్ట్ 2020లో కన్నుమూశారు. వారి శ్రమ ఆ ధ్వనిలో మిగిలి ఉన్నది. అది అందరికీ నచ్చితీరవలెనని మేము అనము. పూర్తిగా విన్న పిదపనే తీర్పు చెప్పవలెనని మాత్రమే మా మనవి.